డాక్టరు కోట్నీసు: చైనా పల్లెలకు ప్రాణము ధారపోసిన భారతీయుడు

మహనీయులలో కొందరు తమ దేశమునకై జీవించిరి. మరికొందరు తమ దేశము పంపగా పరదేశమునకు సేవచేయబోయి అచ్చటనే కన్నుమూసిరి. ఈ రెండవ కోవకు చెందినవాడు డాక్టరు ద్వారకానాథ్ శాంతారామ్ కోట్నీసు. ఆయన జీవించినది 32 సంవత్సరములు మాత్రమే. అందులో చైనాలో గడిపినది నాలుగు సంవత్సరములకు కొంచెము పైన. ఆ స్వల్పకాలములోనే, జపాను సైన్యముల పాదములక్రింద నలిగిపోవుచున్న చైనా రైతుల కష్టములను ఆయన తన కష్టములుగా చేసికొనెను. ఒక్క సంవత్సరము పనిచేసి తిరిగివచ్చుటకై బయలుదేరిన ఈ యువకుడు ఎందుకు తిరిగి రాలేదో తెలిసికొన్నచో ఆయన జీవితమంతయు తెలిసినట్లే.

జననము – విద్య

ద్వారకానాథ్ 1910వ సంవత్సరము అక్టోబరు 10వ తేదీన షోలాపురమున జన్మించెను. షోలాపురము మహారాష్ట్రమునకు చెందిన పట్టణమైనను తెలుగువారికి పరాయిది కాదు. బ్రతుకుతెరువు వెదకుకొనుచు తెలంగాణమునుండి తరలిపోయిన పద్మశాలి కుటుంబములు తరతరములుగా అచ్చట మగ్గములను నమ్ముకొని స్థిరపడినవి. నూలుమిల్లులకు, దుప్పట్లకు పేరుగన్న ఆ ఊరి వీధులలో మరాఠీ కన్నడములతోపాటు తెలుగు మాటయు వినబడును. ద్వారకానాథుని తండ్రి శాంతారామ్ కోట్నీసు ఒక మిల్లులో గుమాస్తా. కలిగిన కుటుంబము కాదు. ఇంటినిండ బిడ్డలు. అయినను పిల్లల చదువు విషయమున తండ్రి వెనుదీయలేదు.

1930లో ఉప్పు సత్యాగ్రహ కాలమున షోలాపురము ఉడికిపోయెను. ప్రభుత్వము అచ్చట సైనికశాసనము విధించెను. 1931 జనవరి 12వ తేదీన ఆ పట్టణమునకు చెందిన నలుగురు దేశభక్తులను ఉరితీసిరి. అప్పటికి ద్వారకానాథ్ ఇరువదియేండ్ల యువకుడు. పరాయి సైన్యము ఊరిలో దిగిన ఆ ఊరి బ్రతుకెట్లుండునో ఆయన జన్మస్థలమే చవిచూచెను.

బొంబాయిలోని సేఠ్ జి. యస్. వైద్యకళాశాలలో ఆయన వైద్యవిద్య నభ్యసించెను. శస్త్రచికిత్సపై మక్కువ హెచ్చు. 1938లో పై పరీక్షలకు సిద్ధపడుచుండెను. చదువు ముగించి, చేతికి సంపాదన వచ్చి, తండ్రి భారము తగ్గింపవలసిన సమయమది. అట్టి సమయమున చైనాకు వైద్యులు కావలెనను పిలుపు వినవచ్చెను.

చైనాకు వచ్చిన ఆపద

ఆ పిలుపు వచ్చుటకు గల కారణము నెరుగవలెను. 1905లో జపాను రష్యాను ఓడించినప్పుడు ఆసియా ప్రజలెల్లరు గర్వించిరి. తెల్లవారిని ఆసియావారును జయింపగలరని మన దేశమునను సంతసించిరి. కాని ఆ జపానే సామ్రాజ్యదాహమున పడి పొరుగువారి భూములపై కన్నువేసెను. 1931లో మంచూరియాను ఆక్రమించెను. 1937 జూలై 7వ తేదీన పెకింగు నగర సమీపమున ఒక వంతెనకడ ఆరంభమైన కాల్పులు పూర్తి యుద్ధముగా మారెను. నవంబరులో షాంఘై పడిపోయెను. డిసెంబరు 13వ తేదీన అప్పటి రాజధాని నాన్కింగు శత్రువుల వశమయ్యెను. అటుపిమ్మట ఆరు వారములపాటు ఆ నగరమున జరిగిన ఘోరములు చరిత్రకే మచ్చ. ఆయుధములు పారవైచిన సైనికులను, నిరాయుధులైన పౌరులను చంపిరి. స్త్రీలను చెరచిరి. యుద్ధానంతరము టోకియోలో విచారించిన న్యాయస్థానము మృతులు రెండు లక్షలకు పైబడిరని తేల్చెను. చైనావారి లెక్క మూడు లక్షలు.

శత్రువును నిలువరించుటకు మార్గము కానక 1938 జూనులో చైనా సేనలు తమ పసుపునది కట్టను తామే తెగగొట్టినవి. జపాను దళములు కొంతకాలము ఆగినవి. కాని ఆ నీటిలో మునిగినవి చైనా పొలములే. వరదవలనను, పిదప వచ్చిన ఆకలి రోగములవలనను లక్షలాది రైతులు నశించిరి. కృష్ణ పొంగినప్పుడు కట్టపై గుండె చిక్కబట్టుకొని కూర్చుండు మన రైతులకు ఈ మాట అర్థమును వేరుగ చెప్పనక్కరలేదు. తన నది కట్టను తానే తెంచుకొను స్థితికి ఒక దేశము వచ్చినదనిన, దాని ఆపద యెంతటిదో ఊహింపవచ్చును.

భారత వైద్యబృందము

చైనా ఎనిమిదవ మార్గసైన్యమునకు అధిపతియైన చూ టే వైద్యసహాయమును కోరుచు జవాహర్‌లాల్ నెహ్రూకు లేఖ పంపెను. కాంగ్రెసు అప్పటికే చైనాపట్ల సానుభూతి ప్రకటించి, జపాను వస్తువులను బహిష్కరింపవలెనని హరిపుర మహాసభలో తీర్మానించియుండెను. ఆ యేటి అధ్యక్షుడు సుభాష్ చంద్రబోసు ప్రజలకు విజ్ఞప్తి చేసెను. 1938 జూలైలో దేశమంతట చైనా దినములు జరిపి సుమారు 22,000 రూపాయలు చందాలుగా వసూలు చేసిరి. బానిసదేశపు బీదప్రజలు అణా అణా కూర్చి యిచ్చిన ధనమది. అదే బోసు కొన్ని యేండ్లకు ఆంగ్లేయులపై పోరుటకు జపాను సహాయమునే స్వీకరింపవలసి వచ్చుట చరిత్రలోని వైచిత్రి.

బృందమునకు ఐదుగురు వైద్యులను ఎన్నుకొనిరి. నాయకుడు అలహాబాదు వాస్తవ్యుడు డాక్టరు మదన్ మోహన్‌లాల్ అటల్. ఆయన స్పెయిను అంతర్యుద్ధమున క్షతగాత్రులకు సేవచేసి వచ్చినవాడు. నాగపూరునుండి డాక్టరు చోల్కర్, కలకత్తానుండి డాక్టరు బిజయ్ కుమార్ బసు, డాక్టరు దేవేశ్ ముఖర్జీ, బొంబాయినుండి కోట్నీసు. కోట్నీసు కుటుంబమువారికి చైనాను గూర్చి తెలిసినదెల్ల ఆ దేశపు పట్టుబట్టలు అమ్మవచ్చు వర్తకులను చూచుటయే. అయినను కుమారుడు అనుమతి కోరినప్పుడు తండ్రి ప్రోత్సహించెను. తల్లి దుఃఖమును దిగమ్రింగుకొని సమ్మతించెను.

1938 సెప్టెంబరు 1వ తేదీన బృందము బొంబాయిలో ఓడనెక్కెను. హాంకాంగు మీదుగా కాంటను చేరగా, చైనా జాతిపితయైన సన్ యట్‌సేన్ గారి భార్య వారికి స్వాగతమిచ్చెను. అచ్చటినుండి హాంకౌ చేరి సైనిక వైద్యశాలలలో పనిచేసిరి. వారు పోవుచుండగనే ముందు విడిచిన నగరములు వెనుక పడిపోవుచుండెను. అక్టోబరులో కాంటను పోయెను, హాంకౌ పోయెను. నదిమార్గమున చుంగ్‌కింగు చేరిరి. రాజధానిని అంత దూరము తరలించుకొనిపోయినను విమానముల బాంబులు దానిని విడువలేదు.

చుంగ్‌కింగులోనుండగా కోట్నీసునకు పిడుగువంటి వార్త వచ్చెను. తండ్రి గతించెను. ఇంటికి పొమ్మని సహచరులు సలహా చెప్పిరి. పోయినచో తప్పుపట్టువారెవరును లేరు. ఇంటి భారము తల్లిపైనను సోదరులపైనను పడినదని ఆయనకు తెలియును. అయినను ఒప్పుకొన్న పని సగములో విడుచుటకు ఆయన మనస్సు అంగీకరింపలేదు. తిరిగివచ్చుటకు దొరికిన మొదటి అవకాశమును ఆయన ఇట్లు విడిచెను.

యేనాన్ గుహలలో

1939 ఫిబ్రవరి 12వ తేదీన బృందము యేనాన్ చేరెను. మావో సే టుంగు నాయకత్వమున కమ్యూనిస్టులు కేంద్రముగా చేసికొన్న కొండ ఊరది. అచ్చటి కొండలు రాతికొండలు కావు. మెత్తని పసుపుమన్నుతో నేర్పడినవి. ఆ మన్నును తొలిచి గుహలు చేసి జనులు నివసించెదరు. విమానదాడులకు ఊరి యిండ్లు కూలిపోగా పాఠశాలలు, వైద్యశాలలు సైతము గుహలలోనికే చేరినవి. బొంబాయి వైద్యశాలలో విద్యుద్దీపముల వెలుతురున పనిచేసిన వైద్యుడు నూనెదీపము వెలుతురున కత్తి పట్టవలసి వచ్చెను.

భారతీయులైదుగురికిని చైనా పేర్లు పెట్టిరి. ఒక్కొక్క పేరునకు చివర చైనా అను అర్థమిచ్చు హువా అను అక్షరము చేర్చిరి. కోట్నీసు పేరు కే తీ హువా అయ్యెను. నేటికిని చైనాలో ఆయనను ఆ పేరుతోనే పిలిచెదరు.

ఒప్పుకొన్న గడువు ఒక సంవత్సరము. ముఖర్జీ జబ్బుపడి స్వదేశమునకు మరలెను. చోల్కర్‌ను 1939లోనే తిరిగివచ్చెను. మిగిలిన ముగ్గురు యుద్ధభూమికి పోవ నిశ్చయించుకొని నవంబరులో యేనాన్ విడిచిరి. డిసెంబరులో చూ టే సేనాపతిని కలిసికొనిరి. అనారోగ్యమువలన 1940లో అటల్ కూడ వెనుకకు మరలవలసివచ్చెను. బసు, కోట్నీసు ఇరువురే మిగిలిరి.

యుద్ధభూమిలో

వారు పోయిన ప్రదేశము షాన్సీ, చహార్, హోపే రాష్ట్రముల సరిహద్దులలోని కొండసీమ. అచ్చటి యుద్ధము విచిత్రమైనది. పట్టణములు, రైలుదారులు జపానువారివి. కొండలు, పల్లెలు చైనా గెరిల్లాలవి. పగలు శత్రువు ఏలును, రాత్రి ఊరివారు ఏలుదురు.

ఆ సీమలో అంతకుముందు కెనడా దేశీయుడైన డాక్టరు నార్మన్ బెథూన్ సేవచేసెను. శస్త్రచికిత్స చేయుచుండగా వ్రేలు తెగి, రక్తము విషమై 1939 నవంబరు 12వ తేదీన ఒక పల్లెయింట ఆయన మరణించెను. 1940 జూనులో కోట్నీసు, బసులు ఆయన సమాధిని దర్శించిరి. ఆ మహావైద్యుని స్థానమును భర్తీచేయువారు కావలసియుండిరి.

1940 ఆగస్టులో నూరు రెజిమెంట్ల పోరాటమని పేరొందిన ఎదురుదాడి మొదలయ్యెను. కోట్నీసు కాల్పులకు చేరువలోనే చికిత్సాస్థానము నేర్పరచుకొనెను. ఒక సందర్భమున 13 దినములలో 800 మందికి పైబడిన గాయపడిన సైనికులు ఆయనయొద్దకు వచ్చిరనియు, వారిలో 558 మందికి శస్త్రచికిత్స చేసెననియు లెక్కలు చెప్పుచున్నవి. అనగా దినమునకు నలుబదికి మించి. మత్తుమందు చాలదు, దూది చాలదు, నిద్ర అసలే లేదు.

అటుపిమ్మట బసును యేనాన్‌కు పిలిపించిరి. కోట్నీసు ఒంటరివాడయ్యెను. 1941 జనవరిలో బెథూన్ పేర స్థాపించిన అంతర్జాతీయ శాంతి వైద్యశాలకు ప్రథమ సంచాలకుడుగా నియమితుడయ్యెను. అప్పటికి ఆయన వయస్సు ముప్పది.

పల్లెయే వైద్యశాల

వైద్యశాల అనగానే మేడలు, మంచముల వరుసలు తలపునకు వచ్చును. కోట్నీసు వైద్యశాలకు గోడలు లేవు. హోపే రాష్ట్రములోని గెగుంగ్ అను కుగ్రామమే ఆ వైద్యశాల. గాయపడినవారిని రైతుల యిండ్లలోనే ఉంచిరి. ఇల్లాండ్రు వారికి గంజి కాచి పోసిరి. శత్రువు వచ్చుచున్నాడను కబురు అందగనే రోగులను డోలీలపై కొండలకు చేర్చవలెను. పరికరములను గాడిదలపై కెక్కింపవలెను. వాడిన కట్టుగుడ్డలను ఉడికించి, ఆరవేసి, మరల వాడవలెను. హోపే మైదానములు మన పల్నాటివలెనే పత్తికి ప్రసిద్ధి గన్నవి. ఆ పత్తిపై జపానువారి కన్నుండెను. పత్తి పండించిన సీమలోనే గాయమునకు అద్ద దూది కరవయ్యెను.

అచ్చటి భోజనము కొఱ్ఱ అన్నము. వరిమెతుకు అరుదు. కోట్నీసు సైనికులు తినునదే తినెను, వారు కట్టునదే కట్టెను. చైనా భాష నేర్చెను. ఆ భాషకు అక్షరమాల లేదు. వేలకొలది గుర్తులను ఒక్కొక్కటిగా కంఠస్థము చేయవలెను. ఆయన మాటలాడుటయే గాక చదువను వ్రాయను నేర్చి, చైనా భాషలోనే విద్యార్థులకు శస్త్రవైద్యము బోధించెను. పాఠ్యగ్రంథములు లేనందున తానే వ్రాయుటకు పూనుకొనెను. రోగియొద్ద ఆయన చూపు ఓర్పును చూచి, ఆయన మేనిచాయను బట్టి, ఊరివారు ఆయనకు నల్లని అమ్మ అని ముద్దుపేరు పెట్టుకొనిరి. ఒక పురుషుని, అందును పరదేశీయుని, ఒక పల్లె అమ్మా అని పిలిచినదనిన అంతకుమించిన బిరుదు వేరొకటి లేదు.

1941, 1942 సంవత్సరములలో జపానువారు ఆ సీమపై కసి తీర్చుకొనిరి. కనబడినదెల్ల కాల్చుట, కనబడినవారినెల్ల చంపుట, చేతికందినదెల్ల దోచుట వారి విధానమయ్యెను. పంట చేతికి వచ్చు వేళ చూచి దండు వెడలువారు. ధాన్యమును పాతరలలో దాచుట మన ప్రాంతమున పూర్వులెరిగిన పని. మనవారు పురుగు పట్టకుండ దాచిరి, ఆ రైతులు శత్రువు పట్టకుండ దాచిరి. బావులు పూడ్చి, వంటపాత్రలు సైతము మోసికొని కొండలకు పోయిరి. మైదానపు పల్లెలలో ఇంటినుండి ఇంటికి నేలలో సొరంగములు త్రవ్విరి. కోట్నీసు పనిచేయు సీమకు పొరుగుననే ఒక పల్లెలో 1942 మే 27వ తేదీన శత్రువులు ఆ సొరంగములలోనికి విషవాయువు వదలిరి. లోపల దాగిన ఎనిమిది వందలమందికి పైగా జనులు, స్త్రీలు బిడ్డలతో సహా, నశించిరి.

అదే శత్రువు మన తీరమున

ఈ బాధ ఎంతో దూరదేశపు కథయని తెలుగువా రనుకొనుటకు వీలులేకపోయెను. 1942 మార్చిలో రంగూను జపానువారి వశము కాగా, అచ్చటి ఓడరేవులో కూలిచేసి బ్రతికిన తెలుగువారు అడవులు కొండలు పడి కాలినడకను స్వదేశమునకు పరుగిడిరి. దారిలో ఎందరో ఆకలికి, వాంతిభేదికి బలియైరి. మలయా రబ్బరు తోటలలోని తెలుగు, తమిళ కూలీలను జపానువారు సయాము–బర్మా రైలుదారి పనికి తరలించగా వేలాదిగా మరణించిరి. 1942 ఏప్రిల్ 6వ తేదీన విశాఖపట్టణముపైనను కాకినాడపైనను జపాను విమానములు బాంబులు వేసినవి. తీరప్రాంతపు జనులు మూటాముల్లె కట్టుకొని లోపలి ఊళ్లకు తరలిపోయిరి. మనకు కొలది దినములు పట్టిన ఆ భయము చైనా ప్రజలకు ఎనిమిదేండ్లు నిత్యానుభవము.

గృహస్థాశ్రమము – తుది దినములు

బెథూన్ పేర నెలకొల్పిన వైద్యపాఠశాలలో గువో చింగ్‌లాన్ అను యువతి పరిచర్యావిద్య బోధించుచుండెను. ఆమె షాన్సీ రాష్ట్రమునకు చెందినది. 1941 నవంబరులో కోట్నీసు ఆమెను వివాహమాడెను. 1942 ఆగస్టు 23వ తేదీన వారికి కుమారుడు కలిగెను. ఆ సీమ సేనాపతి నియే రుంగ్‌జెన్ ఆ శిశువునకు యిన్‌హువా అని నామకరణము చేసెను. యిన్ అనగా భారతము, హువా అనగా చైనా. ఆ యేడే జూలైలో కోట్నీసు చైనా కమ్యూనిస్టు పార్టీలో సభ్యుడయ్యెను.

కాని ఆయన శరీరము అప్పటికే శిథిలమైయుండెను. బద్దెపురుగు వ్యాధి పట్టెను. దానితో మూర్ఛలు ఆరంభమైనవి. మంచి వైద్యము దొరకు చోటికి పొమ్మని సేనాపతియే చెప్పెను. తాను పోయినచో రోగుల గతి యేమని కోట్నీసు కదలలేదు. ఇది ఆయన విడిచిన చివరి అవకాశము. మూర్ఛనుండి తేరుకొనగనే మరల రోగులకడకు, మరల వ్రాతబల్లకడకు పోవువాడు. వందలమందికి ప్రాణభిక్ష పెట్టిన వైద్యునకు, దిగ్బంధములో చిక్కిన ఆ కొండసీమలో, తన రోగమునకు తగు మందు దొరకలేదు. 1942 డిసెంబరు 8వ తేదీ రాత్రి మూర్ఛ వెనుక మూర్ఛ వచ్చెను. 9వ తేదీ తెల్లవారుజామున ఆయన తుదిశ్వాస విడిచెను. కుమారునకు అప్పటికి నాలుగు నెలలైనను నిండలేదు.

ఊరివారు కొండచలిలో కన్నీరు కార్చుచు ఆయనను సాగనంపిరి. మావో సే టుంగు సంతాపసందేశము పంపెను. షోలాపురములోని తల్లికి మాత్రము కొడుకు కడచూపు దక్కలేదు. పరోపకారికి కలుగు కీర్తిలో లోకమునకు భాగముండును. దుఃఖములో పెద్దభాగము కన్నవారిదే.

చిరస్మృతి

ఐదుగురిలో నలుగురు తిరిగివచ్చిరి. బసు 1943లో స్వదేశము చేరెను. ఒకడు రాలేదను అర్థమిచ్చు పేరుతో ఖ్వాజా అహ్మద్ అబ్బాసు 1944లో గ్రంథము వ్రాసెను. దాని ఆధారమున శాంతారామ్ 1946లో హిందీ చిత్రము నిర్మించి, తానే కోట్నీసు పాత్ర ధరించెను. 1945లో జపాను లొంగిపోవునాటికి చైనాలో మృతులైనవారు కోటికి మించిరి. ఆ మహాశ్మశానములో ఒక భారతీయుని సమాధిని చైనావారు వేరుగ గుర్తుంచుకొనిరి. యుద్ధానంతరము ఆయన అస్థికలను షిచియాచువాంగ్ నగరములోని వీరుల స్మశానవాటికకు తరలించి, బెథూన్ సమాధి గల ఆవరణముననే నెలకొల్పిరి. ఆ నగరమున ఆయన పేర వైద్యవిద్యాలయము కలదు. చైనా 1982లోను, భారతదేశము 1993లోను ఆయన స్మారకముగా తపాలాబిళ్లలు వెలువరించినవి. షోలాపురమున ఆయన పెరిగిన ఇల్లు 2012లో స్మారకభవనమయ్యెను.

కుమారుడు యిన్‌హువా వైద్యవిద్య నభ్యసించుచు 1967లో చిన్నవయస్సుననే మరణించెను. గువో చింగ్‌లాన్ పలుమార్లు భారతదేశమునకు వచ్చి భర్త బంధువులను చూచిపోయెను. ఆమె 2012లో దివంగతురాలయ్యెను. 1962లో భారత చైనాల నడుమ యుద్ధము జరిగినది. సరిహద్దు వివాదము నేటికిని తీరలేదు. అయినను చైనా నాయకులు మన దేశమునకు వచ్చినప్పుడు కోట్నీసు కుటుంబమువారిని కలిసికొని గౌరవించుట ఆచారముగా సాగినది. రాజ్యములు చేసికొన్న ఒడంబడికలు చెరిగిపోయిన చోటను ఒక వైద్యుడు కట్టిన కట్టు చెదరలేదు.

కోట్నీసు పెద్ద సిరిసంపదలలో పుట్టలేదు. అధికారము నెరపలేదు. గుమాస్తా యింట పుట్టి, చదువుకొని, ఆ చదువును అత్యవసరమైన చోటికి తీసికొనిపోయెను. అచ్చట తనను నమ్ముకొన్న పల్లెను విడువలేకపోయెను. ఊరి గ్రంథాలయమున కూర్చుండి దూరదేశముల వార్తలు చదువు యువకులకు ఆయన జీవితము ఒక విషయమును తెలుపుచున్నది. దూరదేశపు రైతు కష్టమును చదివి అయ్యో అనుకొనుట మొదటి మెట్టు. అయ్యో అనుకొన్న పిమ్మట తన చేతనైనది చేయుట రెండవ మెట్టు. డాక్టరు ద్వారకానాథ్ కోట్నీసు ఆ రెండవ మెట్టుపై నిలిచి, అచ్చటనే ఒరిగిన ధన్యజీవి.